రద్దు చేసిన డిపో మళ్లీ ఎందుకు తెరుచుకుంటుంది?

రేషన్ డీలర్ల కేసుల కాగితాలు తిరగేసేవాళ్లకు ఒక వాక్యం కంఠతా వచ్చేస్తుంది. డీలర్ ఇచ్చిన వివరణ సంతృప్తికరంగా లేనందున ఆథరైజేషన్ రద్దు చేయడమైనది, అని. పైన నాలుగైదు అభియోగాలు, కింద ఆర్డీవో సంతకం, మధ్యలో ఈ ఒక్క ముక్క. వివరణలో డీలర్ ఏం చెప్పాడు, అందులో ఏది నమ్మలేదు, ఎందుకు నమ్మలేదు అన్నది ఎక్కడా కనపడదు. ఇలాంటి ఉత్తర్వు హైకోర్టు దాకా వెళ్తే నిలవడం కష్టం. కోర్టు దాన్ని కొట్టేస్తుంది. డీలర్ తిరిగొచ్చి షట్టర్ ఎత్తుతాడు. డబ్బుంటే కోర్టు కూడా వాళ్ల వైపేనని ఊళ్లో అనుకుంటారు. నిజానికి ఆ డీలర్ బియ్యం అమ్ముకున్నాడా లేదా అన్నది కోర్టూ తేల్చలేదు, అంతకు ముందు ఆర్డీవో కూడా తేల్చలేదు. తేల్చే పని అసలు జరగనే లేదు.

చౌకధరల దుకాణాల రద్దుల మీద రెండు తెలుగు రాష్ట్రాల్లో జరిగే వాదమంతా రెండు కొసల మధ్య ఊగుతుంటుంది. పేదల బియ్యం మింగినవాడికి నోటీసులూ విచారణలూ ఏమిటని ఒక కోపం. అధికారులు, రాజకీయులు కలిసి డీలర్ల పొట్ట కొడుతున్నారని ఇంకో కోపం. రెండింటికీ ఆధారం ఉంది. కానీ రెండూ విచారణను డీలర్‌కు చేసే ఉపకారంగానే చూస్తాయి. దొంగ డీలర్‌ను శాశ్వతంగా తప్పించాలంటే ఉన్న దారి కూడా అదే విచారణ అన్న సంగతి మరుగున పడుతుంది.

చట్టం సంగతి కొద్దిగా చెప్పుకోవాలి. అన్నిటికీ మూలం 1955 నాటి నిత్యావసర వస్తువుల చట్టం, అందులోని 3వ సెక్షన్. ఆ సెక్షన్ కింద వచ్చిన నియంత్రణ ఉత్తర్వులే డిపోలను నడుపుతాయి. ఉమ్మడి రాష్ట్రంలో మొదట 1973 కార్డు పద్ధతి ఉత్తర్వు, ఆ తర్వాత 2008 ఉత్తర్వు ఉండేవి. విభజన తర్వాత తెలంగాణ 2016లో, ఆంధ్రప్రదేశ్ 2018లో సొంత ఉత్తర్వులు తెచ్చుకున్నాయి. కేంద్రం 2001లో ఒకటి, ఆహార భద్రత చట్టం వచ్చాక 2015లో దాని స్థానంలో ఇంకొకటి జారీ చేసింది. మన దగ్గర స్థూలంగా డీలర్‌ను నియమించేది ఆర్డీవో లేదా సబ్ కలెక్టర్, సస్పెండ్ చేసేదీ రద్దు చేసేదీ ఆ అధికారే. అప్పీలు జాయింట్ కలెక్టర్‌కు వెళ్లేది. తెలంగాణలో 2020 నుంచి ఆ పోస్టు పోయి అదనపు కలెక్టర్ వచ్చారు. అక్కడా న్యాయం దొరకలేదనుకుంటే రాజ్యాంగం 226వ అధికరణం కింద హైకోర్టులో రిట్.

ఈ వరసలో న్యాయమూర్తి అన్నవాడు చివరి మెట్టు మీదే కనిపిస్తాడు. కింది మెట్లన్నీ రెవెన్యూ శాఖవే. సోదా చేసే పౌర సరఫరాల డిప్యూటీ తహసీల్దార్, నివేదిక పంపే తహసీల్దార్, నోటీసు ఇచ్చే ఆర్డీవో, అప్పీలు వినే పై అధికారి అందరూ ఒకే కలెక్టరేట్ మనుషులు. దీంట్లో కుట్ర ఏమీ లేదు, పాలన అలా అల్లుకుని ఉంది. అయితే పట్టుకున్నవాడూ తీర్పు చెప్పేవాడూ పక్కపక్క గదుల్లో కూర్చునే చోట కాగితం మీద కారణాలు రాయడం మామూలు కంటే ఎక్కువ అవసరమవుతుంది. మన దగ్గర అక్కడే పొదుపు చేస్తారు.

ఇంతకీ డీలర్‌కు పోయేదేమిటి? తెలంగాణలో 2023లో కమిషన్‌ను టన్నుకు 900 రూపాయల నుంచి 1,400కు పెంచారు. మనిషికి ఆరు కిలోల చొప్పున పదిహేను వందల మంది ఉన్న డిపో అనుకుందాం. నెలకు తొమ్మిది టన్నులు, కమిషన్ 12,600 రూపాయలు. అందులోంచే గది అద్దె, కరెంటు, బస్తాలు దించే ఖర్చు, కాటా దగ్గర ఉండే కుర్రాడి జీతం. ఇంత తక్కువ రాబడికి పదేళ్లు కోర్టుల చుట్టూ తిరుగుతారా అని అడిగేవాళ్లున్నారు. ఆ అనుమానం న్యాయమైనదే, కొందరి విషయంలో జవాబు కమిషన్‌లో ఉండదు కూడా. కానీ ఒంటరి ఆడమనిషికో వికలాంగుడికో రిజర్వేషన్ రోస్టరులో వచ్చిన డిపో అయితే, ఆ పన్నెండు వేలే ఇంటి బతుకు. డీలర్‌షిప్ ఆస్తిహక్కు కాదని, ప్రభుత్వం ఇచ్చిన అనుమతి మాత్రమేనని అధికారులు వాదిస్తారు. సరే. కానీ జీవనాధారం పోవడం, దొంగ అన్న ముద్ర పడటం రెండూ పౌరజీవితం మీద పడే దెబ్బలే. 1969లో క్రైపాక్ కేసు నుంచి సుప్రీంకోర్టు చెబుతున్నది ఇదే. నిర్ణయాన్ని పరిపాలనా నిర్ణయం అని పిలిచినంత మాత్రాన, ఎదుటివాడి మాట వినాల్సిన బాధ్యత పోదు. 1978లో మేనకా గాంధీ కేసు దాన్ని ఇంకా గట్టిపరిచింది.

అటువైపు వాదాన్ని తేలిగ్గా తీసేయడానికి లేదు. అది కూడా సుప్రీంకోర్టు నుంచే వచ్చింది. 2001లో పౌరహక్కుల సంస్థ పీయూసీఎల్ వేసిన ఆహార హక్కు కేసులో 2003 మే 2న ఇచ్చిన ఉత్తర్వు డీలర్ల తప్పులను పేరుపేరునా చెప్పింది. నిర్ణీత రోజుల్లో దుకాణం తెరవనివాళ్లు, పేద కుటుంబాల దగ్గర ఎక్కువ ధర వసూలు చేసేవాళ్లు, కార్డులు తమ దగ్గరే ఉంచుకునేవాళ్లు, కార్డుల్లో తప్పుడు పద్దులు రాసేవాళ్లు, ధాన్యాన్ని బయటి మార్కెట్‌కు తరలించేవాళ్లు, దుకాణాన్ని వేరేవాళ్లకు అప్పగించేవాళ్లు, వీళ్లందరి లైసెన్సులు రద్దు చేయదగ్గవేనంది. ఈ విషయంలో మెతకదనం వద్దంది. గిడ్డంగుల్లో ధాన్యం మూలుగుతుంటే ఊళ్లలో ఆకలి ఉన్న రోజుల్లో వచ్చిన ఉత్తర్వు అది. కలెక్టర్లు నోటీసుల్లో కాఠిన్యం చూపడానికి ఆ వాతావరణం ఒక కారణం. అయితే ఫలానా తప్పు చేసినవాడిని తీసేయండి అనడానికీ, చేశాడో లేదో చూడకుండా తీసేయండి అనడానికీ మధ్య చాలా దూరం ఉంది. క్షేత్రస్థాయిలో ఆ దూరాన్ని ఒకే వాక్యంతో దాటేస్తున్నారు.

ఆ దాటడం ఎలా జరుగుతుందో చూద్దాం. సోదా బృందం వస్తుంది. బస్తాలు లెక్కపెడతారు, స్టాకు రిజిస్టరుతో, వేలిముద్ర తీసుకుని సరుకు ఇచ్చే ఈ-పోస్ యంత్రంలోని నిల్వతో పోలుస్తారు. తేడా కనిపిస్తే మధ్యవర్తుల సమక్షంలో పంచనామా రాస్తారు. ఇక్కడే మొదటి లోపం. చాలా పంచనామాల్లో బస్తాల లెక్కే ఉంటుంది, ఒక్కో బస్తాను కాటా వేసిన లెక్క ఉండదు. మండల స్థాయి స్టాకు పాయింటు నుంచి వచ్చే బస్తాల్లో తూకం తక్కువ ఉంటోందన్నది డీలర్ల సంఘాలు ఏళ్లుగా చేస్తున్న ఫిర్యాదు. అది నిజమో సాకో ఆ రోజు కాటా వేస్తే తెలుస్తుంది, ఆరు నెలల తర్వాత విచారణలో తెలియదు. మధ్యవర్తులుగా ఎవరు దొరికితే వాళ్లు సంతకం పెడతారు. వాళ్లను మళ్లీ పిలిచి అడిగేవాళ్లుండరు.

తర్వాత షోకాజ్ నోటీసు. మంచి నోటీసులో తేదీ, పరిమాణం, ఏ నిబంధన ఉల్లంఘించారు, ఏ ఆధారం మీద అంటున్నారు, చివరికి ఏ శిక్ష వేయాలనుకుంటున్నారు అన్నవన్నీ ఉండాలి. 2014లో గూర్ఖా సెక్యూరిటీ సర్వీసెస్ కేసులో సుప్రీంకోర్టు చివరి అంశాన్ని ప్రత్యేకంగా పట్టుకుంది. ఒకరిని బ్లాక్‌లిస్టులో పెట్టాలనుకుంటే ఆ మాట నోటీసులోనే తెలియాలి, లేకపోతే ఎదుటివాడు దేనికి జవాబు చెప్పుకుంటాడు? డిపో కేసుల్లో అయితే కార్డుదారులతో అమర్యాదగా ప్రవర్తించారు, సరుకులు సరిగా ఇవ్వడం లేదు లాంటి అభియోగాలు కనిపిస్తాయి. ఏ కార్డుదారుతో, ఏ నెలలో అన్న వివరం ఉండదు. ఇలాంటి దానికి డీలర్ రాసే జవాబు కూడా అలాగే ఉంటుంది: ఆరోపణలన్నీ అబద్ధం. దాన్ని చూసి సంతృప్తికరంగా లేదని అధికారి రాస్తారు. ఉమ్మడి హైకోర్టు, 2019 తర్వాత రెండు హైకోర్టులు ఎన్నోసార్లు తప్పుపట్టింది ఈ తంతునే. అభియోగాన్ని డీలర్ కాదన్నప్పుడు వివరణ నచ్చలేదనడం రుజువు కాదు. అభియోగాన్ని నిలబెట్టాల్సింది అధికారులే, సాక్ష్యంతో.

ఆ సాక్ష్యం ఎక్కువ కేసుల్లో కార్డుదారుల వాంగ్మూలాలే. ఈ మొత్తం విషయంలో నాకు అన్నిటికంటే చిక్కుగా కనిపించేది ఇదే. డీలర్ లేనప్పుడు ఇంటింటికీ వెళ్లి పది పదిహేను మంది చేత వేలిముద్రలు వేయించుకుని వస్తారు. నకళ్లు డీలర్‌కు ఇవ్వరు. ఆ మనుషులకు అడ్డప్రశ్న వేసే అవకాశమూ ఇవ్వరు. తర్వాత ఆ వాంగ్మూలాల ఆధారంగానే రద్దు చేస్తారు. ఇది చెల్లదని కోర్టులు అంటే సూత్రరీత్యా తప్పుపట్టలేం. కానీ ఆచరణలో ఆలోచించండి. డీలర్ ఉండేది అదే వీధిలో. వచ్చే నెల బియ్యం అతని చేతుల మీదుగానే రావాలి. అప్పిచ్చింది అతనే కావచ్చు. ఒక కూలి మనిషిని ఆర్డీవో ఆఫీసుకు రప్పించి, డీలర్ తరఫు వకీలు ఎదుట నిలబెట్టి, నువ్వు ఆ రోజు పనికి వెళ్లలేదా, బియ్యం నీ కోడలు తీసుకోలేదా అని అడిగితే ఏం చెప్తుంది? నాకేం గుర్తులేదు బాబూ, సంతకం పెట్టమంటే పెట్టాను అంటుంది. కేసు అక్కడితో సరి.

ఇంకో మెలిక కూడా ఉంది, దీన్ని బాహాటంగా ఎవరూ మాట్లాడరు. రికార్డు కంటే ఎక్కువ బియ్యం దొరికిన కేసులు చాలానే ఉంటాయి. వేలిముద్ర వేయించుకుని సరుకు ఇవ్వలేదన్నది అభియోగం. కానీ కొందరు కార్డుదారులే వేలిముద్ర వేసి, బియ్యం వద్దు, కిలోకింత అని డబ్బివ్వు అనే ఊళ్లు మనకు తెలుసు. దొడ్డు బియ్యం తినడం మానేసిన ఇళ్లలో అదొక నెలవారీ లెక్క. తెలంగాణ 2025 ఏప్రిల్ నుంచి సన్నబియ్యం ఇవ్వడం మొదలుపెట్టడానికి ఇచ్చిన కారణాల్లో ఈ రీసైక్లింగ్ ఒకటి. అలాంటి ఇంటి నుంచి బియ్యం ఇవ్వలేదు అన్న వాంగ్మూలం వస్తే, అందులో నిజం సగమే. డీలర్ తప్పు చేసినట్టే, కానీ నోటీసులో రాసిన తప్పు కాదు. అడ్డప్రశ్న అన్నది డీలర్‌ను కాపాడే ముసుగు అనుకునేవాళ్లు ఈ కేసులను ఒకసారి చూడాలి. ప్రశ్న అడిగితే తప్ప బయటపడని సంగతులుంటాయి.

అందుకని వాంగ్మూలాలు వద్దనడం లేదు. సోదా చేసిన అధికారి కాకుండా వేరే మండలం అధికారి, గ్రామసభలోనో పంచాయతీ ఆఫీసులోనో డీలర్ ఉండగా నమోదు చేయవచ్చు. డీలర్ తన ప్రశ్నలను రాసిస్తే విచారణాధికారే అడగవచ్చు. సహజ న్యాయం కోర్టు గదిలోని క్రాస్ ఎగ్జామినేషనే కావాలని పట్టుబట్టదు. ఎదుటి సాక్ష్యం తెలిసి, దాన్ని ప్రశ్నించే సరైన అవకాశం ఉంటే చాలు. ఈ మధ్యేమార్గాన్ని ఉత్తర్వుల్లోనే రాసిపెడితే సగం రిట్‌లు దాఖలు కావని నా అంచనా.

ఇక రాజకీయం. ప్రభుత్వం మారగానే ఊళ్లో మూడు పోస్టులు కదులుతాయని పల్లెల్లో అంటారు. ఉపాధి హామీ ఫీల్డ్ అసిస్టెంటు, బడిలో మధ్యాహ్న భోజనం వంటమనిషి, డిపో డీలర్. ఏ పార్టీ వచ్చినా ఇదే మాట వినబడుతుంది కాబట్టి ఒకరి పేరు చెప్పనక్కర్లేదు. ఎమ్మెల్యే లేఖ ఆధారంగా సోదా జరగడం దానికదే నేరం కాదు, ప్రజాప్రతినిధికి ఫిర్యాదులు రావడం సహజం. కానీ నిర్ణయం ఆర్డీవోది కావాలి. బొంబాయి పోలీసు కమిషనర్ ఒక సినిమా హాలు కట్టుకోవడానికి ఇచ్చిన అనుమతిని ప్రభుత్వం చెప్పిందని రద్దు చేస్తే, 1951లోనే గోర్ధన్‌దాస్ భాన్జీ కేసులో సుప్రీంకోర్టు ఆ రద్దు చెల్లదంది. చట్టం ఎవరికి అధికారమిచ్చిందో వాళ్లే బుర్ర పెట్టి నిర్ణయించాలి, పైవాళ్ల మాటను చేరవేయకూడదు. తర్వాత అఫిడవిట్లలో కొత్త కారణాలు చెప్పి పాత ఉత్తర్వుకు ప్రాణం పోయలేరని 1977లో మొహీందర్ సింగ్ గిల్ కేసు చెప్పింది. హైకోర్టులో ప్రభుత్వ వకీళ్లు కౌంటర్లలో ఎన్ని వివరాలు నింపినా అవి పనికిరానిది అందుకే. ఉత్తర్వులో లేని కారణం లేనట్టే.

సస్పెన్షన్‌ను రద్దుకు చిన్న తమ్ముడిలా చూస్తారు గానీ, డీలర్‌కు ఎక్కువ నష్టం దీంతోనే. విచారణ పూర్తయ్యేదాకా అని రాస్తారు, విచారణ మొదలవదు. పక్క డిపోకో ఇన్‌చార్జి డీలర్‌కో కార్డులు అప్పగిస్తారు. ఈ ఇన్‌చార్జి అన్న మనిషి తాత్కాలికంగా వచ్చి పాతుకుపోతాడు. అప్పుడు కేసు ఇద్దరు మనుషుల మధ్య తగాదా అవుతుంది. పాత డీలర్ గెలిస్తే కొత్తవాడి గతేమిటన్న ప్రశ్న ఉత్తరప్రదేశ్ నుంచి రెండుసార్లు సుప్రీంకోర్టుకు వెళ్లింది. 2015లో, పాత డీలర్ వేసిన కేసులో తర్వాత ఆ దుకాణం పొందినవాడికి సొంత హక్కంటూ లేదని, అతణ్ని చేర్చలేదని కేసు చెడదని చెప్పింది. 2022లో ఇంకో కేసులో మాత్రం, ఖాళీ ప్రకటించి పద్ధతి ప్రకారం నియమించిన డీలర్‌ను చేర్చకుండా, ఆ నియామకం సంగతి కోర్టుకు చెప్పకుండా తెచ్చుకున్న ఉత్తర్వు నిలవదంది. రెండిటికీ పొంతన లేదని కొందరంటారు. నాకు అలా అనిపించదు. తాత్కాలిక ఏర్పాటుగా వచ్చినవాడు వేరు, రోస్టరు ప్రకారం పరీక్ష రాసి వచ్చినవాడు వేరు. అసలు పాత రద్దు మీద అప్పీలు తేలకముందే కొత్త నోటిఫికేషన్ ఇవ్వకుండా ఉంటే ఈ చిక్కే రాదు.

స్వాధీనం చేసుకున్న సరుకుది ఇంకో దారి. నిత్యావసర వస్తువుల చట్టం 6ఏ సెక్షన్ కింద దాన్ని జప్తు చేస్తారు. అలా చేసే ముందు కారణాలు తెలిపే నోటీసు ఇచ్చి మాట వినాలని 6బి స్పష్టంగా చెబుతుంది. ఊళ్లో 6ఏ కేసు అన్న మాటే శిక్షలా వినిపిస్తుంది గానీ అది సరుకుకు సంబంధించినది, ఆథరైజేషన్ విచారణ విడిగా జరగాలి. ఈ జప్తు అధికారానికి ఎంత బాధ్యత ఉందో చెప్పిన పెద్ద తీర్పు మన పశ్చిమ గోదావరి నుంచే వెళ్లింది. 1975 ఆగస్టులో ఒక ఎరువుల, ధాన్యం వ్యాపార సంస్థ సరుకును పట్టుకున్నారు. ఎరువులను కామవరపుకోటలోని వ్యవసాయ అధికారికి, మిగతా సరుకును కొవ్వూరు తహసీల్దారుకు అప్పగించి అమ్మేయమన్నారు. ఎరువులు అమ్మలేదు, కాపాడలేదు, పాడైపోయాయి. వ్యాపారికి అనుకూలంగా ఉత్తర్వు వచ్చేసరికి తిరిగి తీసుకోవడానికి మిగిలింది చెత్త. ప్రభుత్వమే నష్టం కట్టాలని సుప్రీంకోర్టు 1994లో తేల్చింది, సార్వభౌమాధికారం అన్న గొడుగు కింద దాక్కోవడానికి వీల్లేదంది. పందొమ్మిదేళ్లు పట్టింది. డిపో బియ్యం కేసుల్లో ఈ తీర్పును డీలర్లు వాడుకోవాల్సినంత వాడుకున్నట్టు కనపడదు.

పెద్ద చేపల ప్రస్తావన లేకుండా ఈ సమీక్ష అన్యాయమవుతుంది. 2024 నవంబరులో కాకినాడ రేవులో ఉప ముఖ్యమంత్రి పవన్ కల్యాణ్ 'సీజ్ ద షిప్' అన్న రోజు, చర్చ టన్నుల్లోకి, ఓడల్లోకి వెళ్లింది. ఒక ఓడ నిండే బియ్యం ఏ ఒక్క డిపో నుంచీ రాదు. మిల్లు, గోదాము, దళారి, రేవు, ఇన్ని చేతులు దాటాలి. ఆ వరసలో సంతకం, వేలిముద్ర, రిజిస్టరు దొరికేది మాత్రం డీలర్ దగ్గరే. అందుకే చర్య అతని దగ్గర మొదలై, చాలాసార్లు అక్కడే ఆగిపోతుంది.

ఇప్పుడు కోర్టుల వైపు చూపు తిప్పితే, వాళ్ల మీదా ఒక ఫిర్యాదు చెప్పుకోవాలి. విచారణ లోపభూయిష్టంగా ఉందని ఉత్తర్వు కొట్టేసి, కావాలంటే కొత్తగా విచారణ జరుపుకోవచ్చని వదిలేస్తారు. ఆర్డీవో అప్పటికి బదిలీ అయి ఉంటారు. ఫైలు అటకెక్కుతుంది. హైదరాబాద్‌లోని ఈసీఐఎల్ ఉద్యోగి కేసులో 1993లో సుప్రీంకోర్టు దీనికొక దారి చూపించింది. విచారణ నివేదిక ఇవ్వలేదన్న ఒక్క కారణంతో ఉద్యోగిని వెంటనే తిరిగి తీసుకోనక్కర్లేదు, ఇవ్వకపోవడం వల్ల నష్టం జరిగిందా చూడాలి, జరిగితే ఆ దశ నుంచి విచారణ మళ్లీ నడపాలి. 2020లో ఉత్తరప్రదేశ్ గిడ్డంగుల సంస్థ టెండరు రద్దు కేసులోనూ సుప్రీంకోర్టు నష్టం జరిగిందా అన్న ప్రశ్నకే పెద్దపీట వేసింది, జరిగిందని తేల్చి రద్దును తప్పుపట్టింది. డిపో కేసులు వెనక్కి పంపేటప్పుడు హైకోర్టులు ఫలానా తేదీలోగా, ఫలానా దశ నుంచి, ఫలానా కాగితాలు ఇచ్చి అని రాయాలి. కొన్ని ధర్మాసనాలు రాస్తున్నాయి. అన్నీ రాయడం లేదు.

శిక్ష కొలతలో కూడా తేడా కావాలి. సాయంత్రం ఒక గంట ముందు షాపు మూసినవాడికీ, నెల కోటా మొత్తం లారీకెక్కించినవాడికీ ఒకటే రద్దా? డిపాజిట్‌లో కోత, హెచ్చరిక, కొంతకాలం సస్పెన్షన్ వంటి చిన్న శిక్షలు అధికారుల చేతిలోనే ఉన్నాయి. తప్పుకు మించిన శిక్ష అన్న వాదన రిట్‌లో డీలర్‌కు దొరికే తేలికైన ఆయుధం. దాన్ని అధికారులే అందిస్తుంటారు.

2015 తర్వాత సాక్ష్యం స్వరూపం మారింది. ఈ-పోస్ యంత్రం ఎవరు, ఏ రోజు, ఎన్ని గంటలకు వేలిముద్ర వేశారో నమోదు చేస్తుంది. ఒకే అర్ధగంటలో వంద వేలిముద్రలు పడితే, అంతమందికి అంతసేపట్లో బియ్యం కొలవడం సాధ్యమా అన్న ప్రశ్నకు కార్డుదారుల వాంగ్మూలం అక్కర్లేదు, కోడలు తీసుకుందా అత్త తీసుకుందా అన్న తగువూ అక్కర్లేదు. ఆ లాగ్ నకలు డీలర్‌కు ఇచ్చి, దీనికి జవాబు చెప్పమంటే చాలు. యంత్రం తప్పయితే అదీ అక్కడే తేలుతుంది, సిగ్నల్ లేని తండాల్లో యంత్రాల గోల తెలిసిందే. పోర్టబిలిటీ వచ్చాక ఇంకో సమాచారం కూడా పుట్టింది. కార్డుదారు తన డిపోను వదిలి పక్క డిపోలో సరుకు తెచ్చుకోవచ్చు. ఒక దుకాణం నుంచి నెలనెలా జనం జారిపోతుంటే దూరం వల్ల, వేళల వల్ల, లేదా తూకం వల్ల కావచ్చు. ఆ లెక్క నోటీసుకు ఆధారం కాదు, కానీ సోదాకు ఎవరి షాపుకు ముందు వెళ్లాలో చెప్పడానికి ఎమ్మెల్యే లేఖ కంటే ఇది నయం. ఆంధ్రప్రదేశ్‌లో 2021లో మొదలైన ఇంటింటి బండ్లను 2025 జూన్ 1 నుంచి ఆపేసి, పంపిణీని మళ్లీ డిపోలకే అప్పగించారు కాబట్టి, ఈ లెక్కలు చూడాల్సిన అవసరం అక్కడ ఇప్పుడు ఇంకా ఎక్కువ. ఆహార భద్రత చట్టం 28వ సెక్షన్ కింద సోషల్ ఆడిట్, 29వ సెక్షన్ కింద విజిలెన్స్ కమిటీలు ఎలాగూ ఉండాలి. వాటి ముందు ఆ పట్టిక పెట్టడానికి కొత్త చట్టమేమీ అక్కర్లేదు, ఒక సర్క్యులర్ చాలు.